గడప మట్టి తీసిన చేయి

దెయ్యం కథలు చెప్పేవాళ్ళను చూస్తే నాకు ముందు నవ్వొస్తుంది, కాసేపటికి చిరాకొస్తుంది. చిన్నప్పుడూ అంతే. ఏటి ఒడ్డు శ్మశానం పక్క దారిలో పోవాలంటే మా వీధి పిల్లలు వణికేవాళ్ళు. నేను ఒక్కదాన్నే వెళ్ళి ఒడి నిండా రేగుపళ్ళు కోసుకొచ్చి, వాళ్ళకు పెట్టకుండా తినేదాన్ని. ఇప్పుడు వేలూరులో ఒక ప్రైవేటు బడిలో లెక్కలు చెబుతున్నాను. ఏది విన్నా అదెలా కుదురుతుందని అడగడం నా అలవాటు, దానికి ఇంట్లో తిట్లు కూడా తింటుంటాను. ఇప్పుడు రాయబోయేది వేరే ఎవరైనా నాకు చెప్పి ఉంటే సగంలోనే లేచి వెళ్ళిపోయేదాన్ని.

మా ఊరు వేలూరు దగ్గరే, తమిళనాడులోని గుడియాత్తం. నా చిన్నప్పుడే అమ్మ పోతే, ఆమె అక్క మునెమ్మ నన్ను పెంచింది. పెద్దమ్మ బీడీలు చుట్టేది. ఒళ్ళో చేట, చేటలో కత్తిరించిన ఆకూ పొగాకూ పెట్టుకుని, పొద్దున్నుంచి దీపాలు పెట్టేదాకా వీధి అరుగు మీదే కూర్చునేది. ఆ బీడీలతోనే నేనూ, ఆమె కూతురు గిరిజా చదువుకున్నాం. ఆమెకు మాత్రం ఇంట్లో మాట్లాడే తెలుగు అక్షరాలూ రావు, బయట మాట్లాడే తమిళ అక్షరాలూ రావు.

అప్పట్లో మా వీధిలో ఆడవాళ్ళంతా అరుగుల మీదే ఉండేవాళ్ళు. చేతులు చేటలో, నోళ్ళు ఊళ్ళో. ఎవరి కోడలు అలిగిందో, ఎవరి ఇంట్లో కూర మాడిందో అన్నీ అక్కడే తేలేవి. కొట్లాడుకునేవాళ్ళు, మళ్ళీ సాయంత్రానికి ఒకరి జడ ఒకరు వేసుకునేవాళ్ళు.

దామోదరం కెమెరాలు పెట్టించాక అదంతా పోయింది. దామోదరం లుంగీల వ్యాపారి, మా వీధి సంఘానికి పెద్ద, వరసకు నాకు అన్న అవుతాడు. ఎవరిదో బండి పోయిందని చెప్పి తన ఇంటి ముందు స్తంభానికి కెమెరాలు బిగించాడు. వీధి ఈ కొస నుంచి ఆ కొస దాకా ఆయన ఫోన్‌లో కనిపించేది. పైగా అవి మాట్లాడే కెమెరాలు. ఆయన వేలూరు బజారులో ఉన్నా, పేర్ణాంబట్టు బస్సులో ఉన్నా, ఫోన్లో మాట్లాడితే ఆ గొంతు మా వీధిలో స్తంభం మీది నుంచి వచ్చేది.

"ఏమ్మా, ఆ చెత్త ఆడ పోస్తా ఉండావు? ఎత్తు, ఎత్తు" అని గొంతు వినిపిస్తే, చెత్త పోసినావిడ పైకి చూసి దండం పెట్టి ఎత్తేది. దేవుడికి కూడా అంత తొందరగా దండం పెట్టేవాళ్ళు కాదు.

గోడ పక్కన నిలబడి పనులు కానిచ్చే మగవాళ్ళు మానేశారు. అది మంచిదే, ఒప్పుకుంటాను. కానీ బిడ్డకు పాలిచ్చేవాళ్ళు, తల ఆరబెట్టుకునేవాళ్ళు, ఊరికే కాళ్ళు చాపుకుని కూర్చునేవాళ్ళు ఒక్కొక్కరే చేటలు తీసుకుని లోపలికి పోయారు. చివరికి అరుగు మీద పెద్దమ్మ ఒక్కతే మిగిలింది. "లోపల చీకటి, ఆకు కనపడదు. నేనేమైనా దొంగతనం చేస్తా ఉండానా, దాంకునేదానికి?" అనేది.

వేలూరులో నా బతుకూ అంతే కాబట్టి నేను పెద్దగా పట్టించుకోలేదు. బడిలో కాళ్ళు నొప్పి పుట్టి కుర్చీలో కూర్చుంటే ఆఫీసు గది నుంచి ఫోన్ వస్తుంది. మా ఫ్లాట్లలో వరండాకు కెమెరా వచ్చాక పక్కింటావిడ కూర గిన్నె ఇచ్చేటప్పుడు కూడా ఒకసారి పైకి చూసి ఇస్తుంది. ఏ తప్పూ చేయకపోయినా మనిషి ముఖం సర్దుకుంటుంది. దానికి అలవాటు పడిపోయాం.

ఇక్కడ మా వైపు ఆచారం ఒకటి చెప్పాలి. బిడ్డకు దిష్టి తగిలితే, ఎవరి కన్ను పడిందని అనుమానమో వాళ్ళ గడప ముందు చిటికెడు మట్టి తెచ్చి, ఉప్పూ ఎండుమిరపకాయలూ కలిపి బిడ్డ చుట్టూ తిప్పి పొయ్యిలో వేస్తారు. మట్టిని ఎడమ చేత్తో తీయాలి. ఆ ఇంటివాళ్ళకు తెలియకూడదు. తెలిస్తే మీది చెడ్డకన్ను అని ముఖాన అన్నట్టే కదా. మా వీధిలో ప్రతి ఆడదీ ఏదో ఒక గడప దగ్గర మట్టి తీసినదే. మా గడప దగ్గర ఎవరైనా వంగితే పెద్దమ్మ నన్ను చటుక్కున లోపలికి లాగేది, చూడొద్దని. చూసినా చూడనట్టు ముఖం తిప్పుకోవడం మా వీధి మర్యాద. కెమెరాకు ముఖం తిప్పుకోవడం రాదు.

గిరిజ కాన్పుకు వచ్చి పుట్టింట్లో ఉన్న రోజులవి. దామోదరం ఆ దారిన పోతూ పసివాణ్ణి చూసి "ఏమి బొద్దుగా ఉండాడమ్మా!" అన్నాడు. అంతే, ఆ పూట నుంచి బిడ్డ పాలు తాగడు, ఒకటే ఏడుపు. మర్నాడు దీపాలు పెట్టే వేళకు పెద్దమ్మ దామోదరం గడప దగ్గరికి పోయింది.

ఆమెకు కుడి మోకాలు వంగదు. ఏది తీయాలన్నా కుడి చేయి నడుము మీద పెట్టుకుని, బరువంతా ఎడమ కాలి మీద వేసి, పక్కకు ఒరిగి వంగేది. నేనూ గిరిజా ఆమె వెనకాల అలాగే వంగి వెక్కిరించేవాళ్ళం. ఆ రోజూ అలాగే వంగి, ఎడమ చేత్తో చిటికెడు మట్టి తీసి, కొంగున ముడేసుకుని వచ్చింది. మట్టిని తిప్పి పొయ్యిలో వేసింది. బిడ్డ నిద్రపోయాడు.

మర్నాడు పొద్దున ఆ వీడియో మా వీధి వాట్సాప్ గ్రూపులోకి వచ్చింది. చదవలేనివాళ్ళు ఎక్కువ కాబట్టి దామోదరం ఏది పంపినా గొంతుతోనే పంపేవాడు. "చూసుకోండప్పా. మునెమ్మ మా గడప మన్ను ఎత్తుకొని పోతా ఉండాది. చేతబడి గాకుంటే ఇంకేంది ఇది? కెమెరా అబద్ధం చెప్పదు గదా" అని. పెద్దమ్మ కొళాయి దగ్గరి నుంచి బిందెతో వస్తుంటే ప్రతి ఇంట్లోంచీ అదే గొంతు, అవే మాటలు వినిపించాయట. మొదట ఆమెకు అర్థం కాలేదు. నాలుగిళ్ళు దాటాక బిందె దించి అక్కడే కూర్చుండిపోయింది.

తర్వాత లేచి దామోదరం ఇంటికే పోయింది. "నాయనా, బిడ్డకు దిష్టి తగిలింటే తీసినాను. అందరూ చేసేదే గదా" అంది.

"అంటే నాది దిష్టికన్నా?" అని ఆయన ఇంకా మండిపడ్డాడు.

నిజం చెబితే ఆయన్ను తిట్టినట్టు. చెప్పకపోతే తాను మంత్రగత్తె. ఆమె ఎటూ తప్పించుకోలేకపోయింది. నేను మాత్రం ఇప్పటికీ క్షమించలేనిది వీధి ఆడవాళ్ళను. మేమూ తీశామని ఒక్కతి నోరు తెరవలేదు. తెరిస్తే ఎవరి గడపలో తీశారో కూడా చెప్పాలి మరి.

ఆమె నడిచిపోయాక వాకిళ్ళలో పేడనీళ్ళు చల్లడం మొదలుపెట్టారు. ఆమెను చూస్తే బిడ్డల్ని లోపలికి లాక్కున్నారు. ఆడి నెలలో, అంటే ఆషాఢంలో, మా అమ్మవారికి అంబలి పోస్తారు. ఇంటింటి నుంచీ అంబలి తెచ్చి గుడి ముందు పెద్ద కాగులో కలిపి, దాన్నే అందరూ తాగుతారు. పెద్దమ్మ తెచ్చిన అంబలిని కాగులో పోయనివ్వలేదు. కుండ నిండుగానే వెనక్కి వచ్చింది.

అప్పుడు ఆమె ఇంటికి రాలేదు. కుండ దామోదరం గడప ముందు దించి, వీధి మట్టి దోసిళ్ళతో ఎత్తి ఆ గుమ్మం మీద పోసింది. గిరిజ పక్కనే ఉంది. పెద్దమ్మ అరవలేదట, మామూలు గొంతుతోనే అందట. "నిజం చెప్తే ఒక్కరూ నమ్మలేదు గదరా. నీ నోట్లో నిజమే ఉన్నా ఎవురూ నమ్మకుండా పోవాల. నీ పెండ్లాము గూడా నమ్మకూడదు."

అది కూడా కెమెరాలో పడింది. దామోదరం దాన్నీ గ్రూపుకు పంపాడు.

వానలు పోకముందే పెద్దమ్మ చనిపోయింది. అన్నం మానేసింది, అరుగు మీదికి రావడం మానేసింది. గుండె ఆగిందని డాక్టరు చెప్పాడు. అది ఆయన మాట. చంపేశారనేది నా మాట.

కర్మ అయిన సాయంత్రం నేను దామోదరం ఇంటికి వెళ్ళాను. కోరింది ఒక్కటే. ఏ గొంతుతో ఆమెను మంత్రగత్తె అన్నావో అదే గొంతుతో, మునెమ్మ తప్పు చేయలేదని గ్రూపులో ఒక్క మాట చెప్పు అన్నాను. ఆయన భార్య అప్పటికింకా దీపం పెట్టలేదు. నేను లేచేసరికి వీధి దీపాలు వెలిగి చాలాసేపయింది. ఆ కాసేపూ ఆయన నా ఎదురుగా కుర్చీలోనే ఉన్నాడు. మంచినీళ్ళకు కూడా లేవలేదు, భార్యే తెచ్చి ఇచ్చింది. ఇది నేను ఎక్కడైనా ప్రమాణం చేసి చెప్పగలను.

"కెమెరాలో ఉండేదాన్ని లేదని ఎట్ల చెప్పేదమ్మా?" అన్నాడు చివరికి. ఒళ్ళు మండిపోయింది. లేచి వచ్చేశాను.

మర్నాడు పొద్దున గ్రూపులోకి ఇంకో వీడియో వచ్చింది. పెద్దమ్మ గొడవ తర్వాత వీధివాళ్ళు భయపడితే, దామోదరమే దగ్గరుండి చెప్పి, చాలా ఇళ్ళకు కెమెరాలు పెట్టించాడు. ఇది ఎదురింటివాళ్ళ కెమెరాలోది. ముందు రోజు దీపాలు పెట్టే వేళ. ఎదురింటి గడప ముందు దామోదరం. తెల్ల చొక్కా, నీలం గళ్ళ లుంగీ. నా ముందు కూర్చున్నప్పుడు వేసుకున్న బట్టలే. ముఖం స్పష్టంగా ఉంది. అటూ ఇటూ చూసి, ఎడమ చేత్తో మట్టి తీసి, లుంగీ మడతలో ముడేసుకున్నాడు.

ఆ చేయి చూసి కాదు నేను వీడియోను మళ్ళీ వేసుకుంది. ఆయన వంగిన తీరు చూసి. కుడి చేయి నడుము మీద పెట్టుకుని, బరువంతా ఎడమ కాలి మీద వేసి, పక్కకు ఒరిగి వంగాడు. దామోదరానికి మోకాళ్ళు శుభ్రంగా ఉన్నాయి, రోజూ గుడి మెట్లు గబగబా ఎక్కుతాడు. నేను గిరిజ వైపు చూశాను. గిరిజ అప్పటికే ఏడుస్తోంది.

వీధి వీధంతా ఆయన వాకిట్లో చేరింది. "నేను ఇల్లు కదల్లేదప్పా! రాజేశ్వరి నా ముందరే కూర్చోనుండె, అడగండి" అని ఆయన నన్ను చూపించాడు. అందరూ నా వైపు తిరిగారు.

"నన్నెందుకు అడిగేది? మీరందరూ చూస్తానే ఉండారు గదా" అన్నాను.

ఆ మాటలో అబద్ధం ఒక్క ముక్క కూడా లేదు. బస్సెక్కి వేలూరు వచ్చేదాకా నా ఒంట్లో ఒక సంతోషం ఉంది. దాన్ని దాచుకోను.

తర్వాత నాకు తోచిన ప్రశ్నలన్నీ వేసుకున్నాను. కెమెరాలో టైము తప్పేమో అనుకుంటే, గిరిజ వెళ్ళి చూసొచ్చింది, సరిగానే ఉంది. ఎవరి ముఖాన్నైనా ఎవరికైనా అతికించే యాప్‌లు ఇప్పుడున్నాయి కదా అని మా బడి కంప్యూటర్ సారుకు వీడియో చూపించాను. తనకు తెలిసినంతలో అతికించినట్టు లేదన్నాడు, ఖాయంగా చెప్పలేనన్నాడు. పోనీ ఎవరో దామోదరం మీద కక్షతో చేశారనుకుందాం. పెద్దమ్మ వంగడం వీడియోలో అందరూ చూశారు, కానీ దాన్ని అచ్చం అలాగే చేసి చూపగలవాళ్ళం ఇద్దరమే. నేను చేయలేదు. గిరిజకు ఫోన్లో ఫోటో పంపడం కూడా సరిగ్గా రాదు.

అది ఒక్కసారితో ఆగలేదు. ఇవాళ ఈ ఇంటి కెమెరాలో, ఇంకో రోజు ఆ ఇంటి కెమెరాలో. ఎప్పుడూ దీపాలు పెట్టే వేళే. దామోదరం తన కెమెరాలు పీకేశాడు. మిగతావాళ్ళు పీకలేదు, పీకమని అడిగితే అనుమానం ఇంకా పెరిగింది. ఒకరోజు భార్యతో బయటి నుంచి తాళం వేయించుకుని లోపల కూర్చున్నాడు. ఆ రోజూ కెమెరాలో పడ్డాడు. ఆయన భార్య గిరిజ దగ్గరికి వచ్చి మెల్లగా చెప్పిందట, "తాళం నేనే వేసినాను. తాళంచెవి నా కొంగుననే ఉండె. అయినా నాకే అనుమానంగా ఉండాది."

ఆయన నడిచిపోయాక వాకిళ్ళలో పేడనీళ్ళు పడ్డాయి. గ్రూపులో ఆయన గొంతు వస్తే ఎవరూ వినడం లేదట. అరుగు మీద బిడ్డను ఆడించేవాళ్ళు ఆయన్ను చూసి లోపలికి పోతున్నారట. పెద్దమ్మ పోయాక ఆ ఇంట్లోనే ఉండిపోయిన గిరిజ ఇవన్నీ ఫోన్లో చెబుతుంటే నేను ప్రతిదీ రెండోసారి చెప్పించుకుని విన్నాను.

కొన్ని నెలలకు ఒక ఆదివారం మధ్యాహ్నం దామోదరం వేలూరులో మా ఫ్లాటుకు వచ్చాడు. మనిషి సగమయ్యాడు. కుర్చీలో కూర్చుని కూడా గది మూలలన్నీ పైకి చూశాడు, కెమెరా ఉందేమోనని.

"నువ్వొక్కదానివి చెప్తే నమ్ముతారమ్మా. ఆ పొద్దు నేను నీ ముందరే ఉంటి. నీకు తెలుసు" అన్నాడు.

"ముందు పెద్దమ్మ పేరు మింద మచ్చ కడుగన్నా. ఇప్పుడే, ఈడనే, నీ గొంతుతో. తర్వాత నేను చెప్తాను" అన్నాను.

ఫోన్ తీశాడు. చేతిలో పట్టుకుని చాలాసేపు కూర్చున్నాడు. నేను ఆ ఫోన్నే చూస్తున్నాను. ఆ ఒక్క మాట ఆయన అని ఉంటే నేను ఆ సాయంత్రమే గుడియాత్తం బస్సెక్కి, వీధి మధ్యలో నిలబడి చెప్పేదాన్ని. నా బిడ్డల మీద ఒట్టు.

"మన్ను తీసింది మాత్రం నిజమే గదమ్మా" అన్నాడు.

నేను లేచి కాఫీ కలిపి ఇచ్చాను. తాగాడు. బాల్కనీలోంచి చూస్తే ఆయన షేర్ ఆటో ఎక్కడం, ఆటో బస్టాండు వైపు తిరగడం కనిపించింది. లోపలికి వచ్చి ఆ గ్లాసు కడుగుతుంటే మా వాచ్‌మన్ తలుపు కొట్టాడు. వాచ్‌మన్ అరక్కోణం వైపు మనిషి, మా ఊరి గొడవ అతనికేమీ తెలియదు. కింద స్క్రీన్ మీద చూసి, ఫోన్లో తీసుకుని పైకి వచ్చాడు.

ఎవరక్కా ఆ పెద్దాయన, మీ గుమ్మం ముందు ఏం చేస్తున్నాడు అని తమిళంలో అడిగాడు. చూశాను. మా తలుపు ముందు దామోదరం, నడుము మీద కుడి చేయి పెట్టుకుని, పక్కకు ఒరిగి వంగి ఉన్నాడు. ఆటో తిరిగిపోయిన తర్వాతి వీడియో అది. ఎడమ చేత్తో ఏదో తీసి లుంగీలో ముడేసుకున్నాడు. ఆ రోజు ఆయన ప్యాంటు వేసుకుని వచ్చాడు.

మా వరండా అంతా టైల్స్. పొద్దునే తడిగుడ్డతో తుడిచారు. వాచ్‌మన్ అడిగిందీ అదే, ఇక్కడ మట్టి ఎక్కడుందక్కా తీసుకోవడానికి అని.

గిరిజకు ఫోన్ చేసి చెప్పాను. టైల్స్ సంగతి రెండుసార్లు అడిగింది. తర్వాత, "ఎవురి కన్ను పడిందో వాళ్ళ గడపలోనే గదక్కా తీసేది. ఇప్పుడు ఆయన మింద పడిండేది నీ కన్నే" అంది. కోపంగా అనలేదు. భయపడుతూ అంది. అయి ఉండొచ్చు అన్నాను.

ఇదంతా ఏమిటో నాకు తెలియదు. దెయ్యాలు లేవనే ఇప్పటికీ అంటాను, కానీ ఇదివరకటిలా గట్టిగా అనలేకపోతున్నాను. వీడియోలు నా ఫోన్లో ఉన్నాయి. లెక్క తేలనిది ఏదైనా ఉంటే నాకు నిద్ర పట్టదు, ఇది మాత్రం తేలకపోయినా హాయిగానే నిద్రపడుతోంది.

వీడియోలు ఇంకా వస్తూనే ఉన్నాయి. దామోదరం ఇప్పుడు గదిలోంచి బయటికి రావడం లేదని గిరిజ చెబుతుంది. "అమ్మకు నువ్వంటే ప్రాణం గదక్కా. ఇంక చాలమ్మా అని నువ్వు చెప్తే వింటాది. ఒక్కసారి చెప్పక్కా, పావం" అని బతిమాలుతుంది. ఊరికి వెళ్ళినప్పుడల్లా పెద్దమ్మ ఫోటోకు నేనే పూలు పెడతాను, నేనే దీపం వెలిగిస్తాను. ఎదురుగా కూర్చుని బడి సంగతులు, పిల్లల సంగతులు అన్నీ చెబుతాను. గిరిజ గుమ్మం దగ్గర నిలబడి వింటూ ఉంటుంది, ఆ మాట వస్తుందేమోనని. ఇంతవరకూ నేను అనలేదు.